30 ఏళ్లు ఎడిటింగ్ చేసిన బాబాయ్‌కి నెట్‌లో ఏడే సినిమాలు, అందులో రెండు ఆయనవి కావు

చిన్నోడు_తెనాలి
మా బాబాయ్ సినిమా, టీవీ ఎడిటర్. 80ల చివర్లో మద్రాసు వెళ్లి అసిస్టెంట్‌గా చేరాడు, తర్వాత అందరితో పాటు హైదరాబాద్ వచ్చేశాడు, కొన్ని సినిమాలు, ఆ తర్వాత ఎక్కువగా సీరియళ్లు. ఇప్పుడు దాదాపు రిటైరైనట్టే. ఈమధ్య ఒక పెళ్లిలో ఎవరో "మీరు ఏ సినిమాలు చేశారండీ" అని అడిగితే ఆయన నవ్వి ఊరుకున్నాడు. పక్కనున్న కుర్రాడు ఫోన్ తీసి సినిమా వివరాల సైటు ఐఎండీబీలో కొట్టి "ఏడే ఉన్నాయి అంకుల్" అనేశాడు. ఆ ఏడులో రెండు అదే పేరున్న ఇంకొకాయనవి. నాకు ఒళ్లు మండింది. ఆయన చేసిన పని మొత్తం ఒక చోట రాసి పెట్టాలని ఉంది. ఎక్కడ మొదలుపెట్టాలి? సీరియళ్లు కూడా లెక్కలోకి వస్తాయా? ఆయనేమో "ఎందుకురా ఇప్పుడు" అంటున్నాడు, అది వేరే తలనొప్పి.

కృష్ణానగర్_కబుర్లు
ఏడు ఉన్నాయంటే అదృష్టవంతుడే. మా మేడ మీద అద్దెకుండే ఆయన నాకు ఊహ తెలిసినప్పటి నుంచి ఎడిటింగ్‌లోనే ఉన్నాడు, నెట్‌లో సున్నా.

రీల్‌పిచ్చి
"మంచి ఎడిటింగ్ అంటే కనిపించనిది" అని ఎవరైనా రాస్తే అడ్మిన్ గారు వెంటనే బ్యాన్ చేయాలని మనవి.

ట్రిమ్‌బిన్
నేను ఫిల్మ్ రోజుల్లో అసిస్టెంట్‌గా చేసినవాణ్ణి, అందుకని కొంచెం పొడుగ్గా రాస్తాను.

ఎడిటర్ కెరీర్‌లో మొదటి భాగం టైటిల్స్‌లో దొరకదు. దొరికినా "అసిస్టెంట్లు" అని నలుగురి పేర్ల మధ్య రెండు సెకన్లు ఉండి పోతుంది. కానీ పని అంతా అక్కడే. ల్యాబ్ నుంచి రష్ ప్రింట్, అంటే షూట్ చేసినదాని మొదటి ప్రింటు వస్తుంది, సౌండ్ విడిగా వేరే మ్యాగ్నెటిక్ రీలు మీద వస్తుంది. క్లాప్ మూసుకున్న ఫ్రేమూ, "టక్" అని వినపడ్డ చోటూ పట్టుకుని రెండూ జత చేయాలి. ఒక్కో షాట్ కట్ చేసి, చుట్టి, చీటీ అంటించి డబ్బాలో పెట్టాలి. 35 ఎంఎంలో అడుగుకి 16 ఫ్రేములు, సెకనుకి 24. అంటే నిమిషానికి 90 అడుగులు. రెండున్నర గంటల సినిమా అంటే 13,500 అడుగులు, షూట్ చేసింది దానికి ఎన్నో రెట్లు. ఎడిటర్ గారు మూవియోలా అనే ఎడిటింగ్ మిషన్ మీద చూస్తూ మైనపు పెన్సిల్‌తో గీత గీస్తారు, మనం అక్కడ కోసి అతికించాలి. రేపు పొద్దున్నే ఆయన "ఆ షాట్‌లో మొన్న తీసేసిన ఆరు ఫ్రేములు వెనక్కి పెట్టు" అంటారు. ఆరు ఫ్రేములంటే జానెడు ముక్క కూడా కాదు. అది ముక్కలు తగిలించే బుట్టలో వేలాడుతుందో, కింద పడి ఎవరి చెప్పుకో అంటుకుందో! వెతికి ఇచ్చినవాడే అసిస్టెంట్.

మీ బాబాయ్ గారు ఈ పని ఎవరి దగ్గర, ఎన్నాళ్లు చేశారో ముందు అది రాయించండి. సినిమాల లిస్టు తర్వాత.

డైరెక్ట్_టు_ఓటీటీ
అన్నీ బాగానే ఉన్నాయి గానీ సీరియల్ ఎడిటింగ్ కూడా ఎడిటింగేనా బ్రో? ఒకే మొహం మూడుసార్లు, ఢాం ఢాం ఢాం. అది కలిపితే ఉన్న పరువు కూడా పోతుంది. సినిమాలు మాత్రమే పెట్టు.

కృష్ణానగర్_కబుర్లు
వచ్చాడండీ మేధావి.

నైట్‌షిఫ్ట్_స్వాతి
డైరెక్ట్_టు_ఓటీటీ గారూ, డైలీ సీరియల్ ఎడిట్ సూట్‌లో ఒక్క రాత్రి కూర్చుని చూసి అప్పుడు మాట్లాడండి. నేను ఆ పనే చేస్తున్నాను.

అరగంట స్లాట్‌కి ప్రకటనలు పోగా 22 నిమిషాల చిల్లర కావాలి. షూటింగ్ నుంచి వచ్చింది ఒక్కోసారి 19 నిమిషాలకే సరిపోతుంది, ఎందుకంటే ఆ రోజు అత్తగారి వేషం వేసే ఆవిడకి జ్వరం. బ్యాంక్‌లో, అంటే ముందే తీసి దాచినవాటిలో, ఎపిసోడ్ లేదు. ఛానెల్‌కి పొద్దున ఫైల్ వెళ్లాలి. అప్పుడు ఏం చేస్తామో తెలుసా? పాత ఎపిసోడ్లలో ఆవిడ అదే చీర కట్టుకున్న రోజు ఎక్కడుందో వెతుకుతాం. దొరికితే ఆ రియాక్షన్లు తెచ్చి ఇక్కడ పెడతాం. బొట్టు రంగు తేడా ఉంటే దగ్గరికి జూమ్ చేసి కళ్లు మాత్రం ఉంచుతాం. మీరు నవ్వే ఆ "మూడుసార్లు మొహం" అలా పుట్టినదే చాలాసార్లు. బ్రేక్ ముందు ఏ మొహం మీద ఆపితే జనం రిమోట్ పట్టుకోరో అది కూడా ఎడిటర్ చూసుకోవాల్సిందే, గురువారం రేటింగ్ వచ్చాక తిట్లు తినేదీ మేమే.

సినిమా ఎడిటర్‌కి నెలలు ఉంటాయి. మాకు రాత్రి ఉంటుంది.

డైరెక్ట్_టు_ఓటీటీ
కష్టం లేదనలేదు మేడమ్. కష్టపడితే కళ అవుతుందా అని నా పాయింట్.

నైట్‌షిఫ్ట్_స్వాతి
థ్రెడ్ అడిగింది కళ గురించి కాదు, కెరీర్ గురించి.

వడపళని_వాసు
స్వాతి గారు చెప్పిందానికి ముందు తరం ముచ్చట ఒకటి. కంప్యూటర్లు రాకముందు టీవీ ఎడిటింగ్ అంటే టేపు నుంచి టేపుకి కాపీ. యూమాటిక్, తర్వాత బీటాక్యామ్. వరసగా ఒక్కో షాట్ రికార్డ్ చేసుకుంటూ పోవాలి. ఎపిసోడ్ అంతా అయ్యాక ప్రొడ్యూసర్ వచ్చి "నాలుగో నిమిషంలో ఆ షాట్ రెండు సెకన్లు తగ్గించు" అంటే అక్కడి నుంచి చివరి దాకా మళ్లీ వేయాలి. లేదంటే ఆ మాస్టర్‌నే మూలంగా పెట్టి ఇంకో కాపీ తీయాలి, అప్పుడు బొమ్మ నాణ్యత ఒక మెట్టు పడిపోతుంది. అందుకే ఆ రోజుల్లో టీవీ ఎడిటర్లు మొత్తం ఎపిసోడ్ బుర్రలో కట్ చేసుకుని అప్పుడు మిషన్ ముందు కూర్చునేవాళ్లు. 1995లో ఈటీవీ, జెమిని వచ్చాక ఒక్కసారిగా పని పెరిగింది, సినిమా ఎడిటర్ల కింద పనిచేసే అసోసియేట్లు చాలామంది అటు వెళ్లారు. నెలకి ఇంత అని చేతికి వచ్చేది కదా.

చిన్నోడు_తెనాలి
వాసు గారూ, సరిగ్గా ఇదే. బాబాయ్ టీవీలోకి వెళ్లింది మా చెల్లి పుట్టాక. పిన్ని "నెల జీతం వచ్చే పని చూసుకో" అంది. ఇంట్లో ఇప్పటికీ దాని మీద గొడవే, "నువ్వు ఆపకపోతే నేను ఎక్కడో ఉండేవాణ్ణి" అని.

సుజాత_కె
మీ పిన్ని గారి వెర్షన్ కూడా రాయండి ఆ కెరీర్ లిస్టులో. ఎవరికీ టైటిల్ కార్డ్ పడని అసలు ఎడిటర్ ఆవిడే.

పాతపాటలు_ప్రసాదు
తెలుగులో ఎడిటర్ పేరు జనానికి తెలియడం ఎప్పుడూ తక్కువే, మీ బాబాయ్ గారు ఒక్కరే కాదు. శంకరాభరణం ఎడిటర్ ఎవరు అని అడిగితే పదిమందిలో ఒక్కడు చెప్పడు. జి.జి. కృష్ణారావు గారు. విశ్వనాథ్ గారు 2023 ఫిబ్రవరిలో పోయినప్పుడు రాష్ట్రమంతా కదిలింది, అదే నెలలో కృష్ణారావు గారు కూడా పోయారు, పేపర్లో చిన్న వార్త.

రీల్‌పిచ్చి
శ్రీకర్ ప్రసాద్ గారు తెలుగాయనే అని కూడా చాలామందికి తెలీదు. నాన్న అక్కినేని సంజీవి గారు కూడా ఎడిటరే. హిందీలో రాఖ్‌కి 1989 సినిమాల జాతీయ అవార్డు, అక్కడి నుంచి వరసగా వస్తూనే ఉన్నాయి. ఆర్ఆర్ఆర్ కట్ చేసిందీ ఆయనే. రోడ్డు మీద నడుస్తుంటే ఎవడూ సెల్ఫీ అడగడనుకుంటా, ఒకరకంగా హాయి.

కృష్ణానగర్_కబుర్లు
అక్కడే ఉంది కిటుకు. సంజీవి గారి అబ్బాయి శ్రీకర్ ప్రసాద్, కె.ఎ. మార్తాండ్ గారి అబ్బాయి మార్తాండ్ కె. వెంకటేష్. ఎడిటింగ్ గదిలో పుట్టి పెరిగినవాళ్లు. ప్రతిభ లేదనడం లేదు, బోలెడు ఉంది. కానీ తెనాలి నుంచి ట్రంకుపెట్టెతో వెళ్లినవాడికి గది తలుపు తెరుచుకోవడానికే సగం వయసు అయిపోతుంది.

ట్రిమ్‌బిన్
కొంతవరకే నిజం. గది తలుపు దగ్గరే నిలబడి పెద్దవాళ్లైన వాళ్లూ ఉన్నారు. రాజమౌళి గారు కోటగిరి వెంకటేశ్వరరావు గారి దగ్గర ఎడిటింగ్‌లో పని నేర్చుకుని, తర్వాత ఈటీవీకి శాంతినివాసం సీరియల్ తీశారు. అది చూస్తే టీవీ తక్కువ, సినిమా ఎక్కువ అనే మాటకి అర్థం లేదు.

డైరెక్ట్_టు_ఓటీటీ
ఆయన వాళ్ల నాన్న విజయేంద్ర ప్రసాద్ గారు. ట్రంకుపెట్టె కాదు.

ట్రిమ్‌బిన్
సరే బాబూ, ఈ పాయింట్ నీకే.

గణాంకాల_గణపతి
ఒక డౌట్. గౌతంరాజు గారు 800కి పైగా సినిమాలు చేశారని 2022లో ఆయన పోయినప్పుడు అన్ని పేపర్లలో వచ్చింది. 40 ఏళ్లు అనుకున్నా ఏడాదికి 20. అది మనిషికి సాధ్యమా? లేక పేరు ఆయనది, పని అసోసియేట్లదా?

వడపళని_వాసు
సాధ్యమే. ఒకేసారి నాలుగైదు సినిమాలు నడుస్తాయి, ఒకటి షూటింగ్‌లో, ఒకటి డబ్బింగ్‌లో, ఒకటి రీరికార్డింగ్‌లో. రోజువారీ సింక్ (బొమ్మ, సౌండ్ జత చేయడం), అసెంబ్లీ (షాట్లు వరసగా పేర్చడం) అసోసియేట్లు చేసి పెడతారు, మాస్టర్ వచ్చి కూర్చుని ఎక్కడ కోయాలో చెప్తారు. దాన్ని దొంగతనం అనకూడదు. రిలీజ్ ముందు రోజు సినిమా 20 నిమిషాలు ఎక్కువైందని ప్రొడ్యూసర్ కేకలు వేస్తే ఎదురుగా నిలబడేది పేరున్నవాడే, అసోసియేట్ కాదు.

నైట్‌షిఫ్ట్_స్వాతి
వాసు గారూ, మాస్టర్ వచ్చి కూర్చుంటే మీరన్నది కరెక్ట్. రాకపోతే? నేను కొత్తలో చేరిన చోట మొత్తం ఒక సినిమా నేనూ ఇంకో కుర్రాడూ కట్ చేశాం. పేరున్న ఆయన రెండుసార్లు వచ్చి టీ తాగి వెళ్లాడు. టైటిల్స్‌లో మా ఇద్దరి పేర్లు లేనే లేవు, అడిగితే "ప్లేస్ సరిపోలేదమ్మా" అన్నారు. జంతువులకి హాని చేయలేదు అన్న కార్డుకి ప్లేస్ సరిపోయింది.

రీల్‌పిచ్చి
జంతువులకి యూనియన్ గట్టిది మేడమ్.

వడపళని_వాసు
అలాంటివీ ఉన్నాయి, కాదనను. మా కాలంలో ఇంకో రకం ఉండేది. మాట ప్రకారం డబ్బులు మూడు వాయిదాలు, మూడోది "రిలీజయ్యాక చూద్దాం". సినిమా పోతే మూడోది పోయినట్టే, ఆడితే ప్రొడ్యూసర్ ఫోన్ ఎత్తడు. అందుకే చాలామంది చివరి రీళ్లు నెగటివ్ కటింగ్‌కి (ఎడిట్ చేసినదాని ప్రకారం అసలు నెగటివ్ కోసే పనికి) ఇవ్వకుండా బీరువాలో పెట్టుకునేవాళ్లు, చెక్కు వచ్చేదాకా.

సుజాత_కె
ఇప్పుడు హార్డ్ డిస్క్ పెట్టుకుంటున్నారు, అంతే తేడా.

లైబ్రరీ_లక్ష్మి
కబుర్లు బాగున్నాయి గానీ తమ్ముడు అడిగింది ఎక్కడ మొదలుపెట్టాలని. నాకు తెలిసింది చెప్తాను, పాత సినిమా వివరాలు సేకరించే పనిలో ఉన్నాను కాబట్టి.

ఐఎండీబీని నమ్మొద్దు, అలాగని వదిలేయొద్దు. అక్కడ ఎవరైనా అకౌంట్ తెరిచి వివరాలు పంపొచ్చు. మీ బాబాయ్ గారి సమస్య పేరుది. టైటిల్స్‌లో ఒక చోట ఇంటిపేరుతో, ఒక చోట ఇనీషియల్‌తో, ఇంకో చోట తోక లేకుండా వేస్తారు, అక్కడ అవి మూడు వేర్వేరు మనుషులవుతాయి. మూడు పేజీల్నీ కలపమని అడగొచ్చు, ఆయనవి కాని రెండూ తీసేయమనొచ్చు. దానికి టైటిల్ కార్డ్ స్క్రీన్‌షాట్ దగ్గర పెట్టుకోండి.

యూట్యూబ్‌లో పాత సినిమాలు చాలా ఉన్నాయి గానీ టీవీ ప్రింట్లలో టైటిల్స్ కోసేసి ఉంటాయి. అప్పుడు పాటల పుస్తకం వెతకండి. హాలు బయట అమ్మే ఆ నాలుగు పేజీల పుస్తకాల్లో సాంకేతిక నిపుణుల పేర్లు వరసగా ఉండేవి, "కూర్పు" అని. పుణేలో నేషనల్ ఫిల్మ్ ఆర్కైవ్‌లో పాటల పుస్తకాలు, పోస్టర్లు చాలా దాచారు. వాల్‌పోస్టర్ మీద కూడా కింద వరసలో ఎడిటర్ పేరు వేస్తారు.

సీరియళ్లకి ఇవేమీ ఉండవు. అక్కడ ఆధారం ఆయన దగ్గరే ఉంటుంది: యూనియన్ కార్డు, వోచర్లు, డైరీలు, టేపుల మీద అంటించిన చీటీలు. చీటీ మీద సీరియల్ పేరు, ఎపిసోడ్ నంబర్, తేదీ, నిడివి రాసి ఉంటాయి. అవి ఫోటోలు తీయండి ముందు, జిగురు ఎండిపోయి ఊడిపోతుంటాయి.

తెలుగు వికీపీడియాలో మీరే రాయకండి, బంధువులు రాస్తే అభ్యంతరం చెప్తారు. పైగా బయట పత్రికల్లో వచ్చిన ఆధారాలు అడుగుతారు.

గణాంకాల_గణపతి
అయ్యో, అంటే పేపర్లో రాకపోతే వికీలో రాదు, వికీలో లేకపోతే పేపర్ వాడు రాయడు.

లైబ్రరీ_లక్ష్మి
అదే కథ. అందుకే ఇంటర్వ్యూ చేసి వీడియో పెట్టమంటాను. కుటుంబమే తీసింది కాబట్టి వికీ వాళ్లు ఒప్పుకోకపోవచ్చు, కానీ రేపు రాసేవాడికి ఒక దారి దొరుకుతుంది.

ట్రిమ్‌బిన్
ఇంటర్వ్యూలో "మీరు ఏ సినిమాలు చేశారు" అని మాత్రం అడగొద్దు తమ్ముడూ. ఏ ఎడిటర్‌కీ అలా గుర్తుండదు. "ఏ సీన్ మిమ్మల్ని ఏడిపించింది" అని అడుగు.

చిన్నోడు_తెనాలి
ట్రిమ్‌బిన్ అన్నా, నువ్వు చెప్పినట్టే అడిగాను. మామూలుగా మూడు ముక్కల్లో మాట్లాడే మనిషి భోజనం చల్లారిపోయేదాకా ఆపలేదు.

ఒక సినిమాలో తండ్రి చనిపోయాడని హీరోయిన్‌కి చెప్పే సీన్. చెప్పేవాడి మీద షాట్లు బోలెడు ఉన్నాయి, ఆ అమ్మాయి మీద ఉన్న ఒక్క క్లోజప్‌లో ఆవిడ మరీ ఎక్కువ చేసేసింది, ఎక్కిళ్లు, తల కొట్టుకోవడం. డైరెక్టర్‌కి నచ్చలేదు, మళ్లీ తీయడానికి డేట్లు లేవు. బాబాయ్ అప్పుడు అసోసియేట్. పారేసిన ముక్కల డబ్బా తెచ్చి చూస్తే అదే క్లోజప్ మొదట్లో, కెమెరా తిరగడం మొదలై డైరెక్టర్ ఇంకా "యాక్షన్" అనకముందు, ఆ అమ్మాయి ఊరికే ఎటో చూస్తూ నిలబడి ఉంది. బహుశా భోజనం గురించి ఆలోచిస్తోందేమో అన్నాడు. చివర్లో ఎవరో పిలిచినట్టు కళ్లు పైకెత్తింది. ఆ ముక్క తీసి "మీ నాన్న..." అన్న మాట తర్వాత అతికించాడు. ఏడుపు లేదు, ఏమీ లేదు. హాల్లో జనం ఏడ్చారట. ఆ సీన్‌కి ఆవిణ్ణి పొగుడుతూ పేపర్లో రాశారట కూడా.

ఆ సినిమా ఐఎండీబీలో ఆయన పేరు మీద లేదు. అప్పటికి అసోసియేట్ కదా.

రీల్‌పిచ్చి
అమ్మబాబోయ్.

డైరెక్ట్_టు_ఓటీటీ
ఇది కళే. ఒప్పుకుంటున్నా. సీరియల్స్ విషయంలో మాత్రం నా మాట మీదే ఉన్నా.

నైట్‌షిఫ్ట్_స్వాతి
మేం పాత ఎపిసోడ్ నుంచి రియాక్షన్ తెచ్చి పెట్టేదీ ఈ పనే కదండీ. డబ్బా బదులు ఫోల్డర్.

వడపళని_వాసు
ఆయన మిషన్ ఎప్పుడు మారారో అడగండి. మా వాళ్లలో చాలామంది అక్కడే రాలిపోయారు. 90ల మధ్యలో అవిడ్ అనే కంప్యూటర్ ఎడిటింగ్ వచ్చింది, మూవియోలా మీద చేతులు అరిగిన వాళ్లకి కీబోర్డు ఇచ్చారు. నేర్చుకున్నవాళ్లు నిలబడ్డారు. కొందరు పక్కన ఆపరేటర్‌ని పెట్టుకుని "ఇక్కడ కట్" అని చెప్తూ లాగించారు, కొన్నాళ్లకి ఆ ఆపరేటరే ఎడిటర్ అయ్యాడు.

చిన్నోడు_తెనాలి
నేర్చుకున్నాడు. ఫైనల్ కట్ అనే సాఫ్ట్‌వేర్ మీద బాగా చేయి తిరిగింది. 2011లో దాని కొత్త వెర్షన్ వచ్చి పాత ప్రాజెక్టులు తెరుచుకోకపోయేసరికి మాత్రం "ఇక నా వల్ల కాదు" అన్నాడు, మళ్లీ మూణ్నెల్లకి ప్రీమియర్ అనే ఇంకో సాఫ్ట్‌వేర్ మీద కూర్చున్నాడు. ఇంకోటి, అటక మీద బీటాక్యామ్ టేపులు రెండు అట్టపెట్టెల నిండా ఉన్నాయి, పిన్ని పారేస్తానంటోంది.

లైబ్రరీ_లక్ష్మి
వద్దు! ముందు ఒక్కో టేపు తీసి వెలుతురులో చూడండి. లోపల చుట్ట మీద తెల్లగా బూజులా ఉంటే ప్లేయర్‌లో పెట్టొద్దు, టేపూ పోతుంది, ప్లేయర్‌లో టేపు చదివే హెడ్డూ పోతుంది. అవి విడిగా పెట్టండి. మిగతావి అటక మీది నుంచి దింపి, పుస్తకాల్లా నిలువుగా, వేడి తగలని చోట ఉంచండి. డిజిటైజ్ చేసేవాళ్లు ఇంకా ఉన్నారు, కానీ పనిచేసే ప్లేయర్లు ఏటా తగ్గిపోతున్నాయి.

గణాంకాల_గణపతి
ట్రిమ్‌బిన్ గారూ, మీరు మొదట క్లాప్ చూసి సింక్ చేస్తారన్నారు కదా. క్లాప్ కొట్టడం మర్చిపోతే?

ట్రిమ్‌బిన్
మర్చిపోతారు, రోజుకి ఒకటైనా. అప్పుడు పెదాలు చూడాలి. ప, బ, మ పలికేటప్పుడు రెండు పెదాలు మూసుకుంటాయి కదా, మూసుకుని విడిపోయే ఫ్రేమ్ పట్టుకుని సౌండ్‌లో అదే అక్షరం మీద పెట్టేస్తే మిగతా డైలాగ్ అంతా దారిలో పడుతుంది. మన డైలాగుల్లో "అమ్మా", "బాబూ", "మామయ్యా" లేకుండా సీన్ మొదలవదు కాబట్టి ఇబ్బంది ఉండేది కాదు.

రీల్‌పిచ్చి
మరి "నాన్నా" అంటే?

ట్రిమ్‌బిన్
తర్వాతి డైలాగ్ దాకా ఆగాలి.

చిన్నోడు_తెనాలి
ఇది బాబాయ్‌కి చదివి వినిపించాను. "తలుపు వేసిన చప్పుడైనా ఉంటుందిగా, దాంతో పట్టుకోవచ్చు, ఆగడం ఎందుకు" అంటున్నాడు. ట్రిమ్‌బిన్ అన్న ఎవరి దగ్గర పని నేర్చుకున్నాడో కనుక్కోమన్నాడు.